పాట వినినయంత… వగా, పగా?

కూకట్‌పల్లి: ఒక కల్పిత ద్వీపం మీద నవల రాస్తున్నాను. అందులో ‘నిశాకల్పం’ అనే తాటాకు గ్రంథం ఉంది. మూలం కాలిపోయి రెండు ప్రతులు మిగిలాయి. ఒకదాని 12వ పుటలో ‘తరణం’, రెండోదానిలో ‘మరణం’. రాసినవాడి తప్పు. ఆ ఒక్క అక్షరం మీద రెండు మఠాలు లేచాయి. చివర ‘యాదృశం పుస్తకం దృష్ట్వా’ శ్లోకం, శక 1500 విరోధి సంవత్సరం అని పెట్టాను. నమ్మేలా ఉందా?

తార్నాక: పుట అనకండి. తాటాకు గ్రంథానికి లెక్క ఆకుకే, అంకె ఆకుకి ఒక్కటే వేస్తారు. కాబట్టి 12వ ఆకు, ముందు వైపు లేదా వెనక వైపు.

అసలు చిక్కు అక్షరాలది. తెలుగు లిపిలో త, మ అంత తేలిగ్గా కలవవు, మకు కుడి పక్కన కొమ్ము ఉంటుంది. నిజంగా కలిసేవి ప, వ. పకు తలకట్టు ఒంటికి అంటదు, వకు అంటుతుంది. తేడా అంతా ఆ సందులోనే. గంటంతో గీసిన గాడిలో మసి, ఆకుపసరు పట్టిస్తేగాని అక్షరం కనబడదు. కాలం గడిచి మసి రాలితే ఆ సందు ఉందో లేదో చెప్పడం కష్టం. మ, య కూడా అలాగే కలుస్తాయి. ద, ధ తేడా అడుగున చిన్న గీత. పాత రాతలో ఎ, ఏలకూ ఒ, ఓలకూ తేడానే చూపరు. మాటల మధ్య ఖాళీ కూడా ఉండదు. ఇన్ని ఉండగా త, మ ఎందుకు?

‘వగ’, ‘పగ’ పెట్టండి. ఒకటి దుఃఖం, ఒకటి కక్ష. రెండూ తీరేవే.

చిక్కడపల్లి: బాగుంది. అయితే ఆ మాటను పద్యంలో ఎక్కడ పెడతారన్నదే కథకు ప్రాణం. ఆటవెలది మొదటి పాదం ఇలా ఉందనుకోండి:

పాట వినినయంత వగ దీరు వారికి

మూడు సూర్యగణాలు: పాట, వినిన, యంత. రెండు ఇంద్రగణాలు: వగదీరు (సలము), వారికి (భగణం). యతి, అంటే పాదం మొదటి అక్షరానికి పొసగే అక్షరం రావాల్సిన చోటు, నాలుగో గణం మొదటి అక్షరం మీద, ఇక్కడ ‘పా’కి ‘వ’. ప, ఫ, బ, భ, వ ఒకదానికొకటి యతి చెల్లుతాయి. కాబట్టి వగ అన్నా పగ అన్నా గణం చెడదు, యతి చెడదు. ఏ ఛందస్సు పండితుడూ తీర్పు చెప్పలేడు. మీ మఠాలు వందల ఏళ్లు కొట్టుకోవచ్చు.

‘తీరు’ను ‘దీరు’ చేసింది గసడదవాదేశం. ప్రథమా విభక్తి మాట మీద వచ్చే పరుషాలు క, చ, ట, త, ప వరసగా గ, స, డ, ద, వ అవుతాయి, అదీ బహుళంగానే, అంటే ఒకచోట వచ్చి ఒకచోట రాకుండా. ఇదే సూత్రం ప్రథమ తర్వాత పను వ చేస్తుంది కూడా. అందుకని ముందు ‘అది’ లాంటి మాట పెడితే, ‘ఇది వగ కాదు, పగకే ఆదేశం వచ్చింది’ అని రెండో మఠం వ్యాఖ్యానం రాసేస్తుంది. పైకి వ్యాకరణ చర్చ, లోపల కత్తులు.

మలక్‌పేట: ముగింపు శ్లోకం రెండో సగం వదిలేశారు: ‘అబద్ధం వా సుబద్ధం వా మమ దోషో న విద్యతే’. ఇక్కడ అబద్ధం అంటే కట్టుబాటు లేనిది, పొసగనిది. తెలుగు చదువరి ‘అబద్ధమాడినా నిజమాడినా’ అని చదివేస్తాడు, మీ ద్వీపవాసులూ అలాగే చదవచ్చు. శ్లోకంలో రాసినవాడు చూసింది చూసినట్టు రాశాను, నా తప్పు లేదు అంటున్నాడు కాబట్టి తప్పు ఆయన చూసిన ప్రతిలోనిదే అని ఒక మఠం వాదిస్తుంది. నాకు ఆ వాదమే ఇష్టం.

ఇంకో సంగతి. ఎత్తి రాసేవారు ముగింపు గద్యను కూడా తేదీతో సహా ఎక్కించేస్తారు. అందుకని చివర ఉన్న సంవత్సరం ఈ ప్రతిది కాక, దాని తల్లి ప్రతిది కావచ్చు.

‘తైలాద్రక్షేత్ జలాద్రక్షేత్ రక్షేచ్ఛిథిలబంధనాత్, మూర్ఖహస్తే న దాతవ్యం’ (నూనె నుంచి, నీటి నుంచి, వదులు కట్టు నుంచి కాపాడు, మూర్ఖుడి చేతికివ్వకు) కూడా చేర్చండి, గ్రంథమే మాట్లాడుతుంది.

కూకట్‌పల్లి: తైలం నుంచి కాపాడమంటే ఎలా అండీ? ఆకులకు నిమ్మగడ్డి నూనె రాస్తారు కదా?

మలక్‌పేట: అది ఆవిరైపోయే నూనె. ఆకు మెత్తబడుతుంది, ఘాటుకి పురుగు రాదు. శ్లోకం భయపడేది దీపంలోంచి కారే ఆముదం, నువ్వుల నూనె గురించి. అవి ఎగిరిపోవు, దుమ్ము పట్టి ఆకులు ఒకదానికొకటి అంటుకుంటాయి. విడదీయబోతే పైపొర లేచి అక్షరాలు పక్క ఆకుతో పోతాయి. దారం వదులైతే ఆకులు వంకర తిరుగుతాయి, మరీ బిగిస్తే రంధ్రం దగ్గర చిట్లుతాయి.

తార్నాక: తేదీ తప్పు. శక సంఖ్యకు 12 కలిపి 60తో భాగించండి, శేషమే ప్రభవ నుంచి లెక్క. సున్నా వస్తే అక్షయ. ఉదాహరణకు శక 1946కి 38 వస్తుంది, క్రోధి, 2024 ఉగాదితో మొదలైంది. మీ 1500కి 12, అంటే బహుధాన్య. విరోధి 23వది. దిద్దకండి, రెండు ప్రతుల్లో ఒకటి దొంగదైతే దానికి అలాగే ఉంచండి, పట్టుబడే చోటు అదే.

కూకట్‌పల్లి: మరి చివరికి వగ అని తేలాలంటే?

చిక్కడపల్లి: ప్రాసలో పెట్టండి. యతిలా ప్రాస జాలి చూపదు. తర్వాతి కాలపు కవి ఒకడు కందంలో అదే మాట వాడాడనండి. మొదటి పాదం ‘ఈ వగ’తో, మిగతావి ‘భావము’, ‘దేవుఁడు’, ‘జీవుల’తో మొదలవ్వాలి. నాలుగు పాదాల్లోనూ రెండో అక్షరం వ కావాల్సిందే, అక్కడ ప పొసగదు. ఆ పద్యం ఉన్న ఆకు మాత్రం రెండో మఠంవాళ్ల కట్టలోనే దొరకాలి.

తార్నాక: ప, వల సందు కంటితో చూడాలంటే ఉస్మానియా ఆవరణలోని ప్రాచ్య లిఖిత గ్రంథాలయం ఉంది. సాలార్‌జంగ్‌కి వెళ్తే ఎక్కువగా పారసీ, అరబ్బీ కాగితపు ప్రతులే, మీ పనికి అవి రావు.