ఆకుల్లేని అడవి వెనిల్లా: కొమ్మ తెచ్చి పెంచితే తప్పేంటి?

తీగపిచ్చి: దక్షిణ భారతం, శ్రీలంకల్లో పెరిగే వెనిల్లా వాకెరే ఇది. ఆకులు పేరుకే, పచ్చటి కాడే ఆహారం చేసుకుంటుంది. తెల్లటి పూలు. తమిళనాడులో నేను చూసిన గుట్టను క్వారీ తినేస్తోంది. మూరెడు కొమ్మ తెచ్చి కుండీలో పెడితే కాపాడినట్టు కాదా?

గోదారోడు: అది నల్లేరండీ. మా అమ్మ పచ్చడి చేసేది.

తీగపిచ్చి: నల్లేరు కాడ నాలుగు పలకలుగా ఉంటుంది, నులితీగలతో పాకుతుంది. ఇది గుండ్రం, కణుపుల దగ్గర వేళ్ళు వేసి చెట్టును పట్టుకుంటుంది. దయచేసి పచ్చడి చేయకండి.

గోదారోడు: మీరు పెట్టిన ఫొటోలో పలకలే కనిపిస్తున్నాయి మరి.

పొదరిల్లు: కొమ్మ నాటితే వచ్చేది అదే మొక్క, కొత్తది కాదు. వెనిల్లా కూడా ఆర్కిడే. ఆర్కిడ్ విత్తనం ధూళిలా ఉంటుంది, లోపల తిండి ఉండదు. తగిన శిలీంధ్రం తోడైతేనే మొలుస్తుంది. మీ కుండీలో అది ఉందా? సాగు వెనిల్లానే చూడండి. దాని పుట్టిల్లు మెక్సికో. 1841లో రీయూనియన్ దీవిలో ఎడ్మండ్ ఆల్బియస్ అనే బానిస పిల్లాడు పువ్వుకు చేత్తో పరాగసంపర్కం చేసే సులువు కనిపెట్టాక కొమ్మలతోనే దేశదేశాలకూ పాకింది. అన్నీ ఒకే పోలిక కాబట్టి వేరుకుళ్ళు సోకితే తోటంతా పోతుంది. ఇన్ని తోటలున్నా అడవిలో ఆ జాతి ఇప్పటికీ అంతరించే ముప్పు జాబితాలోనే ఉంది.

కాఫీరైతు: వెనిల్లా మాట ఎత్తకండి. 2003లో ధర చూసి అప్పుచేసి కొమ్మలు కొన్నాం. కాయలు కొంటామన్న కంపెనీ 2005కల్లా ఫోనెత్తడం మానేసింది.

డల్లాస్ తోటమాలి: మాకో కొమ్మ పంపగలరా?

పొదరిల్లు: చూశారా! ఆర్కిడ్లన్నీ సైటిస్ (ముప్పులో ఉన్న జీవజాతుల వ్యాపారంపై దేశాల మధ్య ఒప్పందం) జాబితాల్లో ఉన్నాయి, ఎక్కువ భాగం రెండో అనుబంధంలో, పర్మిట్ లేకుండా దేశం దాటించకూడదు.

తీగపిచ్చి: రేపు బుల్డోజర్ వస్తే మీ శిలీంధ్రం అడ్డం పడుకుంటుందా?

పొదరిల్లు: సరే, సూటిగా చెప్తా. పోయినేడు మీరు ఇక్కడే ఆ గుట్ట పేరు రాశారు. తర్వాత మేం వెళ్తే దారి పక్క తీగలన్నీ కోసేసి ఉన్నాయి. నా గొడవ అదీ.

తీగపిచ్చి: అంటే దొంగని నేనా? ఎక్కడుందో ఎవరికీ తెలియని మొక్క కోసం క్వారీ ఆపుతారా?

పొదరిల్లు: అది అర్జీలో రాయాల్సింది. పెట్టారా అసలు?

తీగపిచ్చి: పెట్టాను. పట్టా భూమా, పోరంబోకా, సర్వే నంబరెంత అని అడిగారు. దానికోసమే తిరుగుతున్నా.

పొదరిల్లు: నంబరు నా దగ్గరుంది. ముందు ఆ పాత పోస్టు తీసేయండి, తర్వాత మాట్లాడదాం.