స్విస్ కప్ విజేతల లెక్క 99 దగ్గరే ఆగుతోంది, తప్పెక్కడ? పైగా సియోన్ సంగతేంటి?

టచ్‌లైన్:
స్విట్జర్లాండ్ ఫుట్‌బాల్ నాకౌట్ పోటీ స్విస్ కప్ విజేతలందర్నీ క్లబ్బుల వారీగా ఎక్సెల్‌లో పెడుతున్నా. మొదటి సీజన్ 1925-26. అప్పట్నుంచి 2024-25 దాకా యుద్ధం వచ్చినా, కోవిడ్ వచ్చినా ఒక్క ఏడు కూడా ఆగలేదు. అంటే సరిగ్గా 100 రావాలి. నాకు 99 వస్తోంది.

గ్రాస్‌హాపర్ 19, బాసెల్ 13, సియోన్ 13, ఎఫ్‌సీ జ్యూరిక్ 11, లోజాన్ 9, సెర్వెట్ 9, యంగ్ బాయ్స్ 8, లా షో ద ఫో 6, లుగానో 4, లూసెర్న్ 3. ఇవి కాక సాంక్ట్ గాలెన్, ఆరౌ, విల్, గ్రెంఖెన్ తలా ఒకటి.

ఇంకో రెండు సందేహాలు. సియోన్ లీగ్ గెలిచింది రెండేసార్లు (1992, 1997), మరి కప్పులు 13 ఎలా? కప్ గెలిచిన టీమ్ అదే ఏడు కింది డివిజన్‌కి పడిపోతే యూరప్ పోటీల్లో ఆడనిస్తారా?

స్వీపర్:
నీ పట్టికలో తప్పు ఒకటి కాదు, మూడు. రెండు తప్పులు మొత్తాన్ని మార్చవు, అందుకే కూడిక చూసి పట్టుకోలేవు.

మొదటిది జ్యూరిక్. ఎఫ్‌సీ జ్యూరిక్‌కి 10 మాత్రమే: 1966, 1970, 1972, 1973, 1976, 2000, 2005, 2014, 2016, 2018. నీకు 11 వచ్చిందంటే 1936 కూడా ఇందులో పడిపోయింది. ఆ ఏడు గెలిచింది యంగ్ ఫెలోస్ జ్యూరిక్. ఊరొకటే, క్లబ్బు వేరు. పేరులో 'జ్యూరిక్' అని ఫిల్టర్ పెడితే ఇలాగే అవుతుంది. గ్రాస్‌హాపర్ కూడా జ్యూరిక్‌దే కానీ దాన్ని అందరూ పొట్టిపేరుతో రాస్తారు కాబట్టి బతికిపోయింది.

రెండోది జెనీవా. ఆ ఊరి సెర్వెట్‌కి 8: 1928, 1949, 1971, 1978, 1979, 1984, 2001, 2024. నీ తొమ్మిదోది 1929 అయ్యుంటుంది, అది ఉరానియా జెనీవాది.

మూడోదే నీ ఒకటి తగ్గడానికి కారణం. బాసెల్‌కి 14 రావాలి, 13 కాదు. 1967 ఫైనల్ స్కోరు గడిలో అంకెల బదులు 'మ్యాచ్ ఆగిపోయింది' అనో, 'ఫర్‌ఫీట్' అనో ఉంటే ఫార్ములా ఆ వరసను వదిలేస్తుంది. ఆ మ్యాచ్ కథ తెలుసుకోదగ్గది. బెర్న్‌లో పాత వాంక్‌డోర్ఫ్ స్టేడియం, బాసెల్ మీద లోజాన్. 1-1 మీదుండగా ఆట చివరి నిమిషాల్లో రిఫరీ బాసెల్‌కి పెనాల్టీ ఇచ్చాడు. హెల్ముట్ హౌజర్ గోల్ కొట్టాడు, 2-1. లోజాన్ ఆటగాళ్లు వాదన ఆపి, పచ్చిక మీద బాసింపట్లు వేసి కూర్చున్నారు. లేవమంటే లేవలేదు. రిఫరీ మ్యాచ్ ఆపేశాడు. మైదానంలో 2-1 అయినా రికార్డులో బాసెల్‌కి 3-0. రెండు స్కోర్లూ పుస్తకాల్లో కనిపిస్తాయి, కప్ మాత్రం బాసెల్‌దే. అదే ఏడు లీగ్ కూడా గెలిచింది కాబట్టి బాసెల్ మొదటి డబుల్ అదే.

సరిచేశాక పై పది క్లబ్బులకూ కలిపి 94. ఒక్కసారి గెలిచినవి ఆరు: ఉరానియా జెనీవా 1929, యంగ్ ఫెలోస్ 1936, గ్రెంఖెన్ 1959, సాంక్ట్ గాలెన్ 1969, ఆరౌ 1985, విల్ 2004. మొత్తం 100.

డేటా మళ్లీ దించుకుంటే ఇంకో మూడు గుంటలున్నాయి, చూసుకో:
- 1972 నుంచి 1982 దాకా 'లీగ్ కప్' అని వేరే టోర్నీ నడిచింది. సాంక్ట్ గాలెన్‌కి 1978, ఆరౌకి 1982 అని కనిపిస్తే అవి దానివి. ఇందులో కలపకు.
- పాత రోజుల్లో ఫైనల్ డ్రా అయితే ఇంకో రోజు మళ్లీ ఆడేవాళ్లు. 1958లో యంగ్ బాయ్స్, గ్రాస్‌హాపర్ అలా రెండుసార్లు తలపడ్డాయి. మ్యాచ్‌లు లెక్కపెడితే 100 దాటిపోతుంది, సీజన్లు లెక్కపెట్టు.
- వడూజ్ స్విస్ లీగ్‌లోనే ఆడుతుంది కానీ ఊరు లీష్టెన్‌స్టైన్‌ది. దానికి స్విస్ కప్‌లో చోటు లేదు, తన దేశపు కప్ ఆడుకుంటుంది. వడూజ్ పక్కన 'కప్ విజేత' అని కనిపిస్తే అది ఆ కప్.

కార్నర్‌కిక్:
సియోన్ గురించి నేను చెప్తా.

ముందు కప్ నిర్మాణం చూడాలి. మొదటి రౌండ్‌లో 64 టీములు. ఇప్పుడు పై డివిజన్ సూపర్ లీగ్‌లో 12, రెండో డివిజన్ చాలెంజ్ లీగ్‌లో 10, అందులో వడూజ్ పోను 21 ప్రొఫెషనల్ క్లబ్బులు. మిగతా 43 కింది డివిజన్లవి. మొదటి రౌండ్‌లో పెద్దవాళ్లకు పెద్దవాళ్లు తగలకుండా డ్రా తీస్తారు. కింది డివిజన్ టీమ్‌కే సొంత మైదానం. అంటే సూపర్ లీగ్ టీమ్ బస్సెక్కి ఏదో పల్లె మైదానానికి వెళ్లి ఆడాలి. 64, 32, 16, 8, 4, 2: మొత్తం ఆరు మ్యాచ్‌లు గెలిస్తే కప్ నీది. లీగ్‌లో 38 మ్యాచ్‌లు నిలకడగా ఆడాలి. పెద్ద జీతాలివ్వలేని క్లబ్బుకి యూరప్ వెళ్లే అడ్డదారి ఈ ఆరే.

ఇక ఫైనల్స్. సియోన్ ఆడిన మొదటి 13 ఫైనళ్లూ గెలిచింది: 1965, 1974, 1980, 1982, 1986, 1991, 1995, 1996, 1997, 2006, 2009, 2011, 2015. ఒక్కసారి ఓడింది, 2017లో జెనీవాలో బాసెల్ చేతిలో 0-3. వీటిలో మూడుసార్లు 0-2తో వెనకబడి 3-2తో గెలిచారు: 1991లో యంగ్ బాయ్స్ మీద, 1996లో సెర్వెట్ మీద, 2009లో మళ్లీ యంగ్ బాయ్స్ మీదే. 1997లో లూసెర్న్‌తో 3-3 అయ్యాక షూటౌట్. 2006లో అయితే సియోన్ రెండో డివిజన్ టీమ్. బెర్న్‌లో, యంగ్ బాయ్స్ సొంత స్టేడియంలో 1-1, పెనాల్టీల్లో గెలుపు. రెండో డివిజన్ క్లబ్ కప్ ఎత్తడం అదే మొదటిసారి. ఆ వేసవిలోనే ప్లేఆఫ్‌లో నుషాటెల్ క్సామాక్స్‌ని ఓడించి పై డివిజన్‌కీ వచ్చేశారు.

సియోన్ ఉన్న వలే కొండలోయ జనానికి లీగ్ కన్నా ఇదే పెద్ద పండగ. ఫైనల్ అంటే లోయ సగం ఖాళీ అయిపోయి రైళ్లలో బెర్న్‌కి కదిలేది. ఆ అలవాటు, 'మనం ఫైనల్ ఓడం' అన్న నమ్మకం ఆటగాళ్ల కాళ్లలోకి దిగుతాయని నా అభిప్రాయం.

ఆఫ్‌సైడ్_ఆంజనేయులు:
కార్నర్‌కిక్ అన్నా, నమ్మకం కాళ్లలోకి దిగుతుందంటే నేనొప్పుకోను. ఆ 13 గెలుపుల్ని మార్జిన్ పెట్టి చూడు. ఒక్క గోల్ తేడా: 1965 (2-1), 1974 (3-2), 1980 (2-1), 1982 (1-0), 1991, 1996, 2009. షూటౌట్: 1997, 2006. 13లో తొమ్మిది అటో ఇటో పోవాల్సినవే. హాయిగా గెలిచినవి 1986 (3-1), 1995 (4-2), 2011 (2-0), 2015 (3-0). బొమ్మా బొరుసూ వేసి 13 సార్లు వరసగా బొమ్మ పడాలంటే 8,192లో ఒక అవకాశం. అరుదే, కానీ వందేళ్లుగా ఇన్ని దేశాల్లో ఇన్ని కప్పులు జరుగుతుంటే ఎక్కడో ఒకచోట పడుతుంది. అది సియోన్‌లో పడింది.

ఇంకోటి, ఫైనల్ చేరని ఏళ్లను ఎవరూ లెక్కపెట్టరు. 100 టోర్నీల్లో సియోన్ ఫైనల్ చేరింది 14 సార్లే. మిగతా ఏళ్లలో ఎక్కడో ఒకచోట ఇంటికి పోయిందేగా. 'కప్ టీమ్' అన్న ముద్రకి ఫైనళ్లే చూపిస్తారు.

తిరగేసి చూడాలంటే క్సామాక్స్‌ని చూడు. 1987, 1988లో వరసగా లీగ్ గెలిచిన క్లబ్బు. కప్ ఫైనళ్లు ఐదు: 1974, 1985, 1990, 2003, 2011. ఐదూ ఓటమే. మొదటిదీ చివరిదీ సియోన్ చేతిలోనే! మరి వాళ్ల కాళ్లలో శాపం దిగిందా?

బాసెల్ సంగతి ఇంకా మంచి ఉదాహరణ. 2010 నుంచి 2017 దాకా ఎనిమిదేళ్లు వరసగా లీగ్ వాళ్లదే. అదే కాలంలో మూడేళ్లు వరసగా కప్ ఫైనల్ పోగొట్టుకున్నారు: 2013లో గ్రాస్‌హాపర్ (పెనాల్టీల్లో), 2014లో ఎఫ్‌సీ జ్యూరిక్ (అదనపు సమయంలో 0-2), 2015లో సియోన్, అదీ బాసెల్ సొంత స్టేడియంలో 0-3. 2021లో ప్రీక్వార్టర్స్‌లో రెండో డివిజన్ వింటర్‌టూర్ వాళ్లింటికే వచ్చి 6-2తో కొట్టిపోయింది. దేశంలో అందరికన్నా మంచి టీమ్‌కే ఇలా అయితే, ఒక్క మ్యాచ్ మీద సిద్ధాంతాలు కట్టకూడదు.

కార్నర్‌కిక్:
సరే, కాళ్ల మాట వెనక్కి తీసుకుంటా. 😀 యంగ్ బాయ్స్ అభిమానులకి మాత్రం నీ బొమ్మా బొరుసూ లెక్క చెప్పకు. 1987 తర్వాత 2020 దాకా వాళ్లకి కప్ లేదు. మధ్యలో 1991, 2006, 2009, 2018 ఫైనళ్లు పోయాయి, నాలుగూ బెర్న్‌లోనే, మూడు సియోన్‌కే.

స్వీపర్:
మూడో ప్రశ్న మిగిలింది. పడిపోయినా యూరప్ చోటు పోదు. ఆ టికెట్ కప్పుది, డివిజన్‌ది కాదు.

2016 చూడు. ఎఫ్‌సీ జ్యూరిక్ లీగ్‌లో అట్టడుగున నిలిచి పడిపోయింది. నాలుగు రోజుల్లోపే సొంత లెట్సిగ్రుండ్ స్టేడియంలో కప్ ఫైనల్, లుగానో మీద 1-0. వచ్చే సీజన్‌లో ఒకవైపు చాలెంజ్ లీగ్, ఇంకోవైపు యూరప్ క్లబ్బుల రెండో స్థాయి పోటీ యూరోపా లీగ్ గ్రూప్‌లో విల్యారియల్, స్టెవా బుకారెస్ట్, ఒస్మాన్లీస్పోర్. కోచ్ ఊలీ ఫోర్టే. 2013లో గ్రాస్‌హాపర్‌తో కప్ ఎత్తిన మనిషే, ఒకే ఊళ్లో ఇద్దరు శత్రువులకీ గెలిపించాడు. 2004లో విల్ సంగతీ ఇంతే: గ్రాస్‌హాపర్‌ని 3-2తో ఓడించి కప్ ఎత్తింది, అదే సీజన్‌లో పడిపోయింది, అయినా యూఏఫా కప్ (ఇప్పటి యూరోపా లీగ్) ఆడింది.

అసలు మెలిక వేరేచోట ఉంది. కప్ గెలిచిన టీమే లీగ్ కూడా గెలిస్తే కప్ టికెట్ ఎవరికి? ఇక్కడ 2015లో రూల్ మారింది, పాత వ్యాసాలు చదివి చాలామంది పొరబడతారు. అంతకుముందు ఫైనల్లో ఓడినవాళ్లకి ఇచ్చేవాళ్లు. 2010లో బాసెల్ డబుల్ కొట్టింది. ఫైనల్లో ఓడిన లోజాన్ రెండో డివిజన్ టీమ్, స్కోరు 0-6. ఆరు గోల్స్ తిన్న టీమ్ ఆ ఓటమి టికెట్‌తోనే యూరోపా లీగ్ క్వాలిఫయింగ్‌కి వెళ్లి, ప్లేఆఫ్‌లో లోకోమోటివ్ మాస్కోని షూటౌట్‌లో దాటి, గ్రూప్ దశకు చేరింది. అక్కడ సీఎస్‌కేఏ మాస్కో, స్పార్టా ప్రాగ్, పలెర్మో.

ఇప్పుడు ఆ దారి మూసేశారు. టికెట్ లీగ్‌లో తర్వాతి స్థానానికి జారుతుంది. 2025లో బీల్ మూడో డివిజన్ నుంచి ఫైనల్ చేరింది. ఆ స్థాయి క్లబ్ ఫైనల్‌కి రావడం అదే మొదటిసారి. సెమీస్‌లో పడగొట్టింది యంగ్ బాయ్స్‌ని. ఫైనల్లో షకీరి కెప్టెన్‌గా ఉన్న బాసెల్ 4-1తో గెలిచి డబుల్ పూర్తి చేసింది. 2010 నాటి రూల్ ఉండుంటే, యూఏఫా (యూరప్ ఫుట్‌బాల్ సంఘం) లైసెన్స్ సంగతి తేలితే, బీల్ యూరప్ ఆడేది. ఇప్పుడు సున్నా.

ఎక్సెల్‌లో 'యూరప్' కాలమ్ పెట్టేట్టయితే 2015 ముందు, తర్వాత రెండు వేర్వేరు ఫార్ములాలు రాయాలి. ఇంకా వెనక్కి, 1999 దాకా, కప్ విన్నర్స్ కప్ అని విడిగా ఒక టోర్నీ ఉండేది. కప్ విజేత వెళ్లేది దానికి.

ఆఫ్‌సైడ్_ఆంజనేయులు:
యూరప్ కాలమ్‌లో సియోన్ 2011 దగ్గర ఒక గమనిక రాసుకో. కప్ గెలిచి యూరోపా లీగ్ ప్లేఆఫ్‌లో స్కాట్లాండ్ క్లబ్ సెల్టిక్‌ని మైదానంలో రెండు మ్యాచ్‌లూ కలిపి 3-1తో ఓడించారు. కానీ ఫీఫా బదిలీ నిషేధం ఉండగా కొన్న ఆటగాళ్లను దించారని యూఏఫా ఆ రెండు మ్యాచ్‌లనూ 3-0తో సెల్టిక్‌కి రాసి, సియోన్‌ని బయటికి పంపింది. గొడవ కోర్టులకెక్కింది. చివరికి 2011-12 లీగ్‌లో 36 పాయింట్లు కోత పడింది. అంత కోతతోనూ ప్లేఆఫ్‌లో ఆరౌని దాటి నిలబడ్డారు. స్కోరు కాలమ్‌లో ఏది పెడతావో నీ ఇష్టం. 1967లాగే దీనికీ రెండు స్కోర్లు.

టచ్‌లైన్:
స్వీపర్ గారు, మీరన్నట్టే. 1967 గడిలో అంకెల బదులు అక్షరాలున్నాయి, 1929, 1936 పక్క క్లబ్బుల ఖాతాలో పడ్డాయి. ఇప్పుడు సరిగ్గా 100. స్కోరుకి రెండు కాలమ్‌లు పెట్టేశా: 'మైదానంలో', 'రికార్డులో'. అందరికీ థాంక్స్.

ఒక చిన్న డౌట్. ఫైనల్స్‌లో అతిపెద్ద తేడా ఆ 2010 నాటి 6-0 ఏనా?

స్వీపర్:
కాదు. 1935, లోజాన్ 10, నార్డ్‌స్టెర్న్ బాసెల్ 0. నార్డ్‌స్టెర్న్‌ని బాసెల్‌లో కలిపేయకు, అదీ వేరే క్లబ్బే.