తవిటమ్మ, పెంటయ్య, పుల్లయ్య: ఈ పేర్లు ఎందుకు పెట్టారు?

ప్రశ్న (సభ్యురాలు, విజయనగరం): మా నాన్నమ్మ పేరు తవిటమ్మ. బడిలో వంశవృక్షం రాసుకు రమ్మంటే మా అమ్మాయి "ఈ పేరు రాయనమ్మా, అందరూ నవ్వుతారు" అని పేచీ పెడుతోంది. తవుడికీ మనిషి పేరుకీ ఏం సంబంధమండీ?

జవాబు: ఆ పేరు తప్పకుండా రాయించండమ్మా. మీ వంశవృక్షంలో అంత అపురూపంగా పెట్టుకున్న పేరు ఇంకోటి ఉండకపోవచ్చు.

తవిటమ్మ, తవిటయ్య, తవిటినాయుడు అన్నవి మీ ఉత్తరాంధ్రలో బాగా వినిపించే పేర్లు. పుట్టిన పిల్లలు పుట్టినట్టే పోతున్న ఇంట్లో మళ్లీ కాన్పు వస్తే, పురిటిబిడ్డను చాటలో పడుకోబెట్టి ఇంకొకరి చేతికి ఇచ్చేసేవారు. ఈ బిడ్డ మాది కాదు, మాకు అక్కర్లేదు అని పైకే అనేవారు. ఆ తర్వాత ఇంత తవుడు కొలిచి పోసి, అదే బిడ్డను "కొనుక్కునే" వారు. తవుడిచ్చి తెచ్చుకున్న పిల్ల కనక తవిటమ్మ. కన్నబిడ్డల మీద పడిన కన్ను కొనుక్కొచ్చిన బిడ్డ మీద పడదని ఆశ. పుట్టలేదు, కొన్నాం; అదీ బంగారమిచ్చి కాదు, పశువుల కుడితిలో కలిపే తవుడిచ్చి. చావుకి కూడా చులకనగా కనిపించాలని అంత తక్కువ వెల కట్టారు.

పెంటయ్య, పెంటమ్మ, దిబ్బయ్య, కుప్పయ్య కూడా ఆ కోవలోవే. బిడ్డను పెంటకుప్ప మీద ఒక్క క్షణం పడుకోబెట్టి, "పారేసిన బిడ్డ దొరికింది" అంటూ ఇంకొకరు ఎత్తుకొచ్చి తల్లి ఒడిలో పెట్టేవారు. పుల్లాకు అంటే తిని పారేసిన విస్తరాకు. ఆ ఎంగిలాకుల్లో పొర్లించిన బిడ్డ పుల్లయ్య, పుల్లమ్మ. నలుగురి దగ్గరా బిచ్చమెత్తి ఆ గింజలతో బారసాల చేస్తే బిచ్చమ్మ, బిక్షమయ్య. భిక్షపతి అన్నది శివుడి పేరు కూడా అయింది కాబట్టి ఆ పేరున్న ప్రతివారి వెనకా ఈ కథే ఉందని చెప్పలేం.

ఇది మన ఒక్కళ్ల ఆచారమే అనుకోకండి. తమిళుల కుప్పుస్వామిలో ఉన్నది కుప్పై, అంటే చెత్త. పిచ్చై అంటే భిక్ష. బెంగాల్ స్వాతంత్ర్య పోరాట వీరుడు ఖుదీరామ్ బోస్ పేరు చూడండి. 1889లో మేదినీపూర్‌లో పుట్టాడు. అంతకుముందు పుట్టిన మగపిల్లలిద్దరూ దక్కలేదు. పెద్దక్క మూడు గుప్పిళ్ల నూకలిచ్చి తమ్ముణ్ణి కొనుక్కుంది. బెంగాలీలో నూకలంటే ఖుద్, అందుకే ఖుదీరామ్. అలా దక్కించుకున్న పిల్లవాణ్ణే 1908 ఆగస్టు 11న ముజఫర్‌పూర్ జైల్లో ఉరి తీశారు. అప్పటికి అతనికి పంతొమ్మిదేళ్లు కూడా నిండలేదు. మీ నాన్నమ్మది తవుడు, అతనిది నూకలు. రెండూ ఒక్క దంపుడులో రాలేవే కదమ్మా! బెంగాల్లో తీన్‌కొడి, పాంచ్‌కొడి అనే పేర్లు కూడా ఉన్నాయి. మూడు గవ్వలకి కొన్నవాడు, అయిదు గవ్వలకి కొన్నవాడు అని.

జపాన్‌ను ఏకం చేసిన హిదెయోషికి లేకలేక 1589లో కొడుకు పుడితే "సుతె" అన్నారు, పారేసినవాడని. ఆ బిడ్డ రెండేళ్లకే పోయాడు. 1593లో ఇంకో కొడుకు పుడితే "హిరోయి" అని పిలిచారు, దొరికినవాడని. దేశాన్నేలే ప్రభువుకీ మన పల్లెలో పెంటకుప్ప దగ్గర నిలబడ్డ తల్లికీ భయం ఒక్కటే, తోచిన ఉపాయమూ ఒక్కటే.

మంగోలియాలో అయితే పేరే పెట్టనట్టు నటిస్తారు. నెర్గుయ్ అంటే పేరు లేదు. ఎనెబిష్ అంటే ఇది కాదు. హున్‌బిష్ అంటే మనిషి కాదు. వెతుక్కుంటూ వచ్చిన దుష్టశక్తి అడిగితే చెప్పే జవాబునే పేరుగా పెట్టేశారు. నైజీరియా యొరుబా వాళ్లు, ఇలా మళ్లీ మళ్లీ పుట్టి పోయే బిడ్డను అబికు అంటారు. వాళ్ల పేర్లు తల్లి బతిమాలుతున్నట్టే ఉంటాయి. మలోమొ అంటే ఇక వెళ్లిపోకు. కొసొకొ అంటే గుంత తవ్వడానికి పార లేదు. 1845 నుంచి 1851 దాకా లాగోస్‌ను ఏలిన రాజు పేరు కొసొకొయే. తుర్కుల దుర్సున్‌కి ఉండిపోనీ అని అర్థం. తూర్పు ఐరోపా యూదులు పసిబిడ్డకి ఆల్టెర్, అంటే ముసలివాడు, అని పెట్టేవారు. పసివాడి కోసం వచ్చిన మృత్యుదేవత ముసలివాణ్ణి చూసి వెనక్కి పోవాలని.

ఈ పేర్లు ఇప్పుడు ఎందుకు పెట్టడం లేదంటే చదువుకుని నాగరికులమయ్యామని చాలామంది అంటారు. నేనొప్పుకోను. ఇరవయ్యో శతాబ్దం మొదట్లో మన దేశంలో వెయ్యిమంది పుడితే రెండు వందలమందికి పైగా ఏడాది నిండకుండానే పోయేవారు. ఇప్పుడా సంఖ్య 30 లోపే. టీకాలు, ఆసుపత్రి కాన్పులు వచ్చాక ఆ భయం తగ్గింది, భయంతో పాటే పేర్లూ పోయాయి.

వ్యాఖ్య (సభ్యుడు, నంద్యాల): మాస్టారూ, పుల్ల అంటే రంగు కదా? మా వైపు పుల్ల ఎద్దు, పుల్లావు అంటాం. పుల్లారెడ్డిని కూడా ఎంగిలాకుల్లోకి లాగేస్తారా?

జవాబు: మంచి మాట పట్టుకున్నారు. పుల్ల అంటే గోధుమ ఎరుపు రంగు, నిజమే. ఆ చాయలో ఉన్న బిడ్డకి ఆ పేరు పెట్టి ఉండవచ్చు. తాత పేరు మనవడికి పెట్టే ఇళ్లలో మొదటి కారణం మరుగున పడి పేరొక్కటే మిగులుతుంది. కాబట్టి పేరు చూసి కథ కట్టకూడదు, ఆ ఇంట్లో పెద్దల్ని అడగాలి.

వ్యాఖ్య (సభ్యుడు, సిద్దిపేట): మా తాత పేరు పెంటయ్యనే. మా దిక్కు పెంట అంటే ఎరువు సార్. ఎండకాలం బండ్లల్ల పొలానికి పెంట కొట్టేది. గండ్ల సిగ్గుపడేదేమున్నది? మా తాతకంటె ముంగట ముగ్గురు పోయిన్రట.

జవాబు: బాగా చెప్పారన్నా. సేద్యం చేసేవాడికి పెంట ఆస్తి. ఆ మాట నీచమైంది పొలం వదిలి వచ్చాకే.

వ్యాఖ్య (సభ్యురాలు, పుణె): ఇక్కడ ఆడపిల్లలకి నకుసా అని పెడతారండీ, అంటే అక్కర్లేనిది అని. అదీ దిష్టి తగలకుండానేనా?

జవాబు: కాదమ్మా, ఆ రెంటినీ కలపకండి. పెంటమ్మ అన్న తల్లి బిడ్డ బతకాలని అంది. నకుసా అన్న ఇంట్లో మగబిడ్డ కోసం చూస్తుంటే మళ్లీ ఆడపిల్లే పుట్టిందని అన్నారు. తమిళనాట వేండామ్, అంటే వద్దు, అని పెట్టేదీ అందుకే. మొదటిది చావుని మోసం చేయడానికి, రెండోది బిడ్డనే నొప్పించడానికి. 2011 అక్టోబరులో సతారా జిల్లా అధికారులు ఒక సభ పెట్టి 280 మందికి పైగా నకుసాలకి కొత్త పేర్లు ఇచ్చారు. చాలామంది తమకు నచ్చిన పేరు తామే ఎంచుకున్నారు. ఆ మార్పు న్యాయం. తవిటమ్మ పేరు మార్చాల్సిన పని మాత్రం లేదు.

వ్యాఖ్య (సభ్యుడు, మిర్యాలగూడ): మరి మా సైదులు, గుంటూరు మస్తానయ్య ఇందులోకి వస్తారా? మా ఇంట్ల అందరం హిందువులమే, నా పేరు సైదులు.

జవాబు: మీది మొక్కు పేరు సైదులన్నా. జాన్‌పహాడ్ దర్గాకి మొక్కుకుంటే పుట్టిన బిడ్డకి సైదులు, గుంటూరు మస్తాన్ దర్గాకి మొక్కుకుంటే మస్తానయ్య. ఇక్కడ బిడ్డను దాచడం లేదు, ఫలానా మహానుభావుడి చలవ అని అందరికీ చాటుతున్నారు. బిడ్డలు దక్కనివాళ్లు రెండు దారులూ తొక్కేవారు, అందుకే ఒకే ఇంట్లో అన్న పెంటయ్య, తమ్ముడు సైదులు కనిపించినా ఆశ్చర్యం లేదు. మీ పేరు ఎవరు మొక్కుకుంటే వచ్చిందో ఇంట్లో కనుక్కుని ఇక్కడ రాయండి.