సమస్య: న్యాయమూర్తియే ఖైదియై నవసె నకట!

నిర్వాహకుడు:
జేమ్స్ విల్సన్ గురించి చదువుతూంటే నోట్లో పడ్డ పాదం. 1789లో అధ్యక్షుడు వాషింగ్టన్ అమెరికా సుప్రీంకోర్టుకి ఎంచిన తొలి ఆరుగురిలో ఒకడు, అప్పులకి రెండుసార్లు జైలుకెళ్ళాడు. కానివ్వండి.

గోదారిగట్టు:
సంతకముఁ బెట్టి రాజ్యాంగ శాసనమున,
భూమి బేరాల నప్పుల బురదఁ గూలి,
విల్సనను వాఁడు పీఠమ్ము విడువకుండ
న్యాయమూర్తియే ఖైదియై నవసె నకట!

యతిమైత్రి:
"విడువకుండ" పద్యానికి ప్రాణం. బర్లింగ్‌టన్ జైల్లో ఉన్నప్పుడూ ఆయన జడ్జీయే, రాజీనామా ఊసే లేదు. సంతకం ఒక్కటే అంటే తక్కువ చేసినట్టు, ముసాయిదా రాసిన అయిదుగురిలో ఒకడు కదండీ!

కృష్ణాతీరం:
యాజు నేలల వ్యాపారి, యాశ పెరిగి,
యప్పులిచ్చినవారెల్ల నరయుచుండ
నూరు నూరును దిరుగుచు నురికి తుద న-
న్యాయమూర్తియే ఖైదియై నవసె నకట!
(యాజు అంటే జార్జియా పడమటి భూములు. విరుపు గమనించారుగా, "అన్యాయమూర్తి"!)

నిర్వాహకుడు:
విరుపు చూసి లేచి కూర్చున్నా. చివరి గణం చూసి మళ్ళీ పడుకున్నా. అదే మాటలో "న్యా" తగిలి, లఘువు (పొట్టి అక్షరం) కావాల్సిన ఆ "న" గురువైపోయింది (బరువెక్కింది).

గోదారిగట్టు:
కృష్ణాతీరంగారికి అకారం కొత్త కాదు. ఉగాది సమస్యలోనూ ఇలాగే అతికించి, అడిగితే "ఆర్షప్రయోగం" అన్నారు.

కృష్ణాతీరం:
ఉగాది పద్యం ఇంకా మర్చిపోలేదన్నమాట, సంతోషం. తమరి పద్యం చదివితే పాపం ఆయన జైల్లోనే పోయాడనిపిస్తోంది. పోయింది 1798 ఆగస్టు 21న, ఈడెంటన్‌లో, సాటి జడ్జి ఐర్‌డెల్‌గారి ఊళ్ళో.

గోదారిగట్టు:
నవయడమంటే చావడం కాదు స్వామీ, చిక్కిపోవడం. పీర్స్ బట్లర్ ఒక్కడికే 1,97,000 డాలర్లు బాకీపడ్డవాడు నవయక బలుస్తాడా?

యతిమైత్రి:
"నురికి తుదకు" అనేస్తే గణం కుదురుతుంది, గొడవ తీరుతుంది.

కృష్ణాతీరం:
కుదురుతుంది. కానీ అకారం తీసేస్తే నా పద్యంలో మిగిలేది గోదారిగట్టుగారి పద్యమే! ఉండనివ్వండి, గణభంగంతోనే.

నిర్వాహకుడు:
సరే, అలాగే ఉంచుతున్నా. 1906లో విల్సన్ అస్థికల్ని ఈడెంటన్ నుంచి ఫిలడెల్ఫియా క్రైస్ట్ చర్చికి తెచ్చారు. దానిమీద ఎవరూ రాయలేదేం? ఆ ఉగాది పద్యం ఎవరి దగ్గరుందో ఇక్కడ పెట్టండి, నేనూ చూస్తా.