కండక్టర్ లేని ఆర్ఫియస్ ఛాంబర్ ఆర్కెస్ట్రా: బృందాన్ని నడిపించేది ఎవరు?

ప్రశ్న:
అందరికీ నమస్కారం. నేను కర్ణాటక సంగీతం వింటూ పెరిగినవాణ్ణి. పాశ్చాత్య శాస్త్రీయ సంగీతం ఈమధ్యనే వినడం మొదలుపెట్టాను. న్యూయార్క్‌కు చెందిన ఆర్ఫియస్ ఛాంబర్ ఆర్కెస్ట్రా వాయించిన, 18వ శతాబ్దపు స్వరకర్త హైడెన్ సింఫనీ (వాద్యబృందం కోసం రాసిన పెద్ద రచన) ఒకటి విన్నాక, ఆ బృందానికి కండక్టరే ఉండరని తెలిసి ఆశ్చర్యపోయాను. 30 మంది దాకా ఉన్నవారు, ఎదురుగా నిలబడి చేయి ఊపేవారు లేకుండా, ఒకే క్షణంలో ఎత్తుగడ ఎలా అందుకుంటారు? ఈ బృందం చరిత్ర తెలిసినవారు వివరించగలరు.

జవాబు 1:
ఈ బృందాన్ని 1972లో చెల్లో (వయొలిన్ కుటుంబానికి చెందిన పెద్ద తంత్రీ వాద్యం) కళాకారుడు జూలియన్ ఫైఫర్ తోటి వాద్యకారులతో కలిసి ప్రారంభించారు. నలుగురే కూర్చుని వాయించే క్వార్టెట్‌లో ఒక్కొక్కరికి ఉండే స్వేచ్ఛనూ బాధ్యతనూ పెద్ద బృందంలోకి తీసుకురావాలన్నది వారి సంకల్పం. తొలిరోజుల్లో ప్రతి విషయం మీదా అందరూ మాట్లాడడంతో సాధన ముందుకు సాగేది కాదు. అందువల్ల ఒక పద్ధతి ఏర్పరచుకున్నారు: ముందుగా ఆయా వాద్య విభాగాల ప్రతినిధులతో ఒక చిన్న జట్టు కలిసి, కాలప్రమాణం ఎంత ఉండాలి, ఏ వాద్యం ఎక్కడ తగ్గాలి, ఎక్కడ విరామం ఇవ్వాలి అన్నవి తేల్చుకుంటుంది, ఆ తరువాతే బృందమంతా సాధనకు కూర్చుంటుంది. వాయించబోయే రచనకు మొదటి వయొలిన్ కుర్చీలో ఉన్నవారే నాయకులు. వారు కమాను ఎత్తుతూ తీసుకునే ఊపిరే మిగిలినవారికి సైగ. తరువాతి రచనకు ఆ కుర్చీలోకి మరొకరు వస్తారు.

నాకు ఎంతో నచ్చిన అలవాటు ఒకటుంది. సాధన మధ్యలో ఒకరు తమ వాద్యాన్ని పక్కన పెట్టి, ఖాళీ హాలులోకి దిగి, ప్రేక్షకుల కుర్చీలో కూర్చుని వింటారు. ఏ వాద్యం దేన్ని మింగేస్తున్నదో తిరిగి వచ్చి చెబుతారు.

ప్రశ్న అడిగినవారు:
ధన్యవాదాలండీ. అయితే ఇది మన కచేరీ వంటిదే అనుకోవచ్చునా? మనకూ కండక్టర్ ఉండరు కదా.

జవాబు 2:
కొంతవరకే అనుకోవాలి. మన కచేరీలో నాయకత్వం మొదటి నుంచి చివరి దాకా ప్రధాన కళాకారులదే. వయొలిన్, మృదంగం వారి మనోధర్మాన్ని (అప్పటికప్పుడు అల్లే సంగీతాన్ని) అనుసరిస్తాయి. హైడెన్ రచనలో ప్రతి స్వరమూ ముందే రాసి ఉంటుంది, కనుక దానిని ఎలా పలికించాలన్న నిర్ణయమే ఇక్కడ అసలు పని. ఆ నిర్ణయాన్ని ఆర్ఫియస్ సభ్యులు పంచుకున్నారు. ఈ ఆలోచన వీరితోనే పుట్టలేదు. మాస్కోలో 1922 నుంచి 1932 వరకు పెర్సిమ్‌ఫాన్స్ అనే సింఫనీ ఆర్కెస్ట్రా కండక్టర్ లేకుండానే నడిచింది. ఒకరి ముఖం ఒకరికి కనిపించాలని వారు వలయంగా కూర్చునేవారు. అందుకోసం కొందరు సభకు వీపు పెట్టవలసి వచ్చినా వెనుకాడలేదు.

జవాబు 3:
సాధించినవాటిని కూడా చేరుస్తాను. ఆర్ఫియస్ ఏటా న్యూయార్క్‌లోని ప్రసిద్ధ కచేరీ మందిరం కార్నెగీ హాల్‌లో కచేరీలు చేస్తూ వచ్చింది. 70కి పైగా ఆల్బమ్‌లు రికార్డు చేసింది, వాటిలో చాలావరకు డాయిచె గ్రామఫోన్ అనే రికార్డింగ్ సంస్థవే. 20వ శతాబ్దపు స్వరకర్త స్ట్రావిన్‌స్కీ చిన్న రచనల ఆల్బమ్‌కు 2001లో గ్రామీ లభించింది. జాజ్ విద్వాంసుడు వేన్ షార్టర్‌తో కలిసి చేసిన ‘ఎమానన్’ 2019లో గ్రామీ గెలుచుకుంది. నా అభిప్రాయంలో ఈ బృందం స్వభావాన్ని పట్టి ఇచ్చేవి మాత్రం మొజార్ట్ సుషిర వాద్య (ఊది వాయించే వాద్యాల) కంచెర్టోల, అంటే ఒక సోలో వాద్యానికి ఆర్కెస్ట్రా తోడుండే రచనల, రికార్డింగులు: వాటిలో క్లారినెట్, హార్న్ వంటి వాద్యాలపై సోలో వాయించినది బయటినుంచి పిలిపించిన ప్రముఖులు కాదు, బృంద సభ్యులే. మీరు వాటితో మొదలుపెట్టండి.