దొంగచాటు రికార్డింగులు చూడటం తప్పేనా?

మూడోగంట: పెద్ద మ్యూజికల్స్‌ని, అంటే పాటల నాటకాలని, ప్రేక్షకుల్లో ఎవరో ఫోన్‌తో దొంగచాటుగా తీసి, పట్టుబడకుండా ‘స్లైమ్ ట్యుటోరియల్’ అని పేరు పెట్టి యూట్యూబ్‌లో వదులుతారు. నేను అలాంటివి చాలా చూశాను. న్యూయార్క్‌లో పెద్ద నాటకాలాడే బ్రాడ్‌వేలో టికెట్ కొనే స్తోమత నాకు లేదు. నేను చూడటం వల్ల వాళ్లకి ఒక్క టికెట్టూ తగ్గలేదు. ఇందులో తప్పేంటి?

సైడ్‌వింగ్: టికెట్ లెక్క కాదండీ. అడక్కుండా తీశారు. అంతే.

మూడోగంట: నష్టం ఎవరికో చెప్పండి మరి. ‘హామిల్టన్’ అనే మ్యూజికల్ 2015లో బ్రాడ్‌వేకి వచ్చింది. 2016 జూన్‌లోనే అసలు నటులతో షూట్ చేసుకున్నారు. మాకు చూపించింది 2020 జూలైలో, డిస్నీ ప్లస్‌లో. నాలుగేళ్లు బీరువాలో దాచారు! న్యూయార్క్ పబ్లిక్ లైబ్రరీ 1970 నుంచి నాటకాలు రికార్డు చేసి భద్రపరుస్తోంది, కానీ అక్కడికి వెళ్లి చూడాల్సిందే. తలుపులన్నీ మూసేసి, కిటికీలోంచి తొంగిచూసినవాణ్ణి దొంగ అంటే ఎలా?

బాల్కనీసీటు: లండన్ నేషనల్ థియేటర్ వాళ్లు ‘నేషనల్ థియేటర్ లైవ్’ పేరుతో 2009 నుంచి నాటకాలని సినిమా హాళ్లలో వేస్తున్నారుగా. అవి చూడొచ్చు.

మూడోగంట: వాళ్లు వేసేవి వాళ్లకి నచ్చినవి. పైగా నేను అడిగింది టికెట్ గురించి.

సైడ్‌వింగ్: మళ్లీ టికెట్టేనా! నేను స్టేజీ మీద పాడే మనిషిని. ఒక రాత్రి జ్వరంతోనే ఆడాను. పైస్థాయి అందుకోబోతే గొంతు జీరబోయింది. సరిగ్గా అప్పుడే రెండో వరుసలో, కోటు మడతలోంచి చిన్న వెలుగు కనిపించింది. ఆ 40 సెకన్ల ముక్క ఇంకా తిరుగుతోంది, కింద నవ్వులతో సహా. మర్నాడు అదే పాట నిండుగా పాడాను. అది ఎవరి దగ్గరా లేదు.

మూడోగంట: వెక్కిరించినవాళ్లని అనండి. నేను ప్రేమతో చూస్తాను.

సైడ్‌వింగ్: మీలాంటివాళ్లు చూస్తారనే కదా తీసేది!

తెరచాటు: ఆగిపోయిన నాటకాలు వేరు, ఇప్పుడు ఆడుతున్నవి వేరు.

మూడోగంట: నా పన్నెండో ఏట ఒక మసక రికార్డింగ్ చూశాను. ఎవరిదో తల అడ్డం, సగం స్టేజీయే కనిపిస్తోంది. అయినా వెక్కివెక్కి ఏడ్చాను. అదే లేకపోతే నాకు నాటకమే లేదు. హాల్లో లేనివాళ్లం మీకు ప్రేక్షకులం కామా?

సైడ్‌వింగ్: అలా అనను. కానీ తెల్లారేసరికి చెరిగిపోతుందన్న ధైర్యంతోనే కొత్తగా ఏదైనా చేస్తాం. కెమెరా ఉందని తెలిస్తే ఏ సాహసమూ చేయకుండా పాట గట్టెక్కించేస్తాను, అంతే. మీకు అది మిగలాలి. నాకు అది పోవాలి.

మూడోగంట: గొంతు తప్పిన ముక్కలు నా దగ్గర రెండున్నాయి. ఈ రాత్రే తీసేస్తాను. నాటకాలు మాత్రం ఉంచుకుంటాను.