పుస్తకంతో పాటు ఆడియో ఉన్న తెలుగు పిల్లల కథలు ఎక్కడ దొరుకుతాయి?

నమస్కారమండీ. మాది అనంతపురం. మా పాప ఇంగ్లీష్ మీడియంలో రెండో తరగతి. కథ చెబితే నోరు తెరుచుకుని వింటుంది, చదవమంటే మాత్రం ఒత్తుల దగ్గర ఆగిపోతుంది. 'లక్ష్మి' అన్న మాట వస్తే చాలు, 'క్ష్మి' మీద వేలు పెట్టి నా మొహం చూస్తుంది.

1982లో బ్రిటన్‌లో మొదలైన 'స్టోరీ టెల్లర్' పత్రికకు ప్రతి సంచికతోనూ ఒక క్యాసెట్ వచ్చేది. పిల్లలు వింటూనే పేజీలో ఆ వాక్యాన్ని చూసుకుంటూ పోవచ్చు. తెలుగులో నాకు అలాంటిదే కావాలి. యూట్యూబ్‌లో చందమామ కథలు బోలెడున్నాయి గానీ, నేను విన్నవాళ్లంతా సొంత మాటల్లో చెప్పేస్తున్నారు. పాప పుస్తకం పట్టుకుని కూర్చుంటే రెండో వాక్యానికే దారి తప్పుతోంది. పైగా వెనక మ్యూజిక్ హోరు.

పుస్తకంలో ఉన్నది ఉన్నట్టు చదివిన ఆడియోతో వచ్చే పత్రిక గానీ, క్యూఆర్ కోడ్ ఉన్న కథల పుస్తకాలు గానీ ఎవరైనా వాడారా? పాత క్యాసెట్లయినా పర్లేదు, ప్లేయర్ ఉంది. కర్నూలు, కడపలో దొరుకుతాయన్నా వెళ్లి తెచ్చుకుంటాను. మన సీమ యాసలో చదివినవి ఉంటే మరీ సంతోషం.

ఏవీ దొరక్కపోతే నేనే చదివి ఫోన్‌లో రికార్డు చేద్దామనుకుంటున్నా. ఈ వయసు పిల్లలకు ఎంత నిదానంగా చదవాలో, పేజీ తిప్పడానికి ఎంతసేపు ఆగాలో టీచర్లెవరైనా ఉంటే దయచేసి చెప్పండి.